గోడలు కట్టడమే అభివృద్ధి కాదు

ఫిబ్రవరిలో కేంద్ర బడ్జెట్ వెలువడిన ప్రతిసారీ రెండు మాటలు మన చెవిన పడుతుంటాయి. ఒకటి మూలధన వ్యయం, రెండవది రెవెన్యూ వ్యయం. మొదటిది అభివృద్ధి అనీ, రెండవది కరిగిపోయే ఖర్చు అనీ చెప్పుకోవడం పరిపాటి అయింది. ఈ అభిప్రాయం ఎంతవరకు సమంజసమో ఈ నెల పరిశీలిద్దాము.

ఇంటి లెక్కతో ప్రారంభిద్దాము. ఇల్లు కట్టుకోవడానికి పెట్టిన సొమ్ము ఏళ్ళ తరబడి కంటికి కనిపిస్తుంది. బియ్యానికీ, కరెంటు బిల్లుకూ, పెద్దల మందులకూ, పిల్లల ఫీజుకూ పెట్టిన సొమ్ము నెల తిరిగేసరికి కనిపించదు. ప్రభుత్వ లెక్కల్లోనూ ఇదే విభజన ఉంది. రోడ్లు, వంతెనలు, రైలు మార్గాల వంటి ఆస్తులకు వెచ్చించేది మూలధన వ్యయం. జీతాలు, పింఛన్లు, సబ్సిడీలు, స్కాలర్‌షిప్‌లు, చేసిన అప్పులపై వడ్డీ రెవెన్యూ వ్యయం. రెవెన్యూ ఖాతా వ్యయాన్ని ఇతర వ్యయం నుండి వేరు చేసి చూపాలని రాజ్యాంగంలోని 112వ అధికరణమే నిర్దేశిస్తున్నది.

2025-26 బడ్జెట్ అంచనాల ప్రకారం కేంద్రం మొత్తం వ్యయం సుమారు 50.65 లక్షల కోట్ల రూపాయలు. అందులో మూలధన వ్యయం 11.21 లక్షల కోట్లు, మిగిలిన 39.44 లక్షల కోట్లూ రెవెన్యూ వ్యయమే. అంటే ప్రభుత్వం ఖర్చు పెట్టే ప్రతి నాలుగు రూపాయలలో మూడు రూపాయలకు పైగా ఈ ఖాతాలోనే పడుతున్నది.

ఇదంతా వృథాయేనా? ఒక మైనారిటీ గురుకుల పాఠశాలను తీసుకుందాము. భవనం కట్టిన ఖర్చు మూలధన వ్యయంగా గౌరవం పొందుతుంది. అందులో పాఠం చెప్పే ఉపాధ్యాయుని జీతం, పిల్లలు తినే అన్నం రెవెన్యూ వ్యయంగా నమోదవుతాయి. ఉపాధ్యాయుడు లేని బడి నాలుగు గోడలు మాత్రమే. డాక్టరూ మందులూ లేని ఆస్పత్రీ అంతే. బిడ్డ చదువు ఇంటికి ఆస్తి అని మనకు తెలుసు, కాని లెక్కల పుస్తకం దానిని ఖర్చుగానే రాసుకుంటుంది.

ఆర్థిక వ్యవస్థలోనూ ఈ వ్యయం పాత్ర చిన్నది కాదు. ఉద్యోగి జీతమూ, వృద్ధుల పింఛనూ కిరాణా కొట్టుకూ, దర్జీకీ, ఆటో డ్రైవరుకూ చేరి వారి ఆదాయమవుతాయి. 2020లో కరోనా వల్ల పనులు ఆగిపోయినప్పుడు రేషను కార్డుదారుల ఇళ్ళలో మనిషికి నెలకు 5 కిలోల చొప్పున ఉచితంగా అందిన అదనపు ధాన్యం కూడా ఈ పద్దులోనిదే. ఎన్నో ఇళ్ళ పొయ్యి ఆరిపోకుండా కాపాడినది అదే.

అయితే నాణేనికి రెండో వైపూ చూడాలి. పైన చెప్పిన 39.44 లక్షల కోట్లలో 12.76 లక్షల కోట్లు, అంటే దాదాపు మూడో వంతు, కేవలం వడ్డీ చెల్లింపులే. వడ్డీ భారం ఎటువంటిదో మన పాఠకులకు వేరే చెప్పనక్కరలేదు. ఆ సొమ్ముతో ఒక్క బడీ నడవదు, ఒక్క రోగికీ మందు అందదు. పైగా రెవెన్యూ రాబడి 34.20 లక్షల కోట్లు మాత్రమే. మిగిలిన 5.24 లక్షల కోట్ల లోటును అప్పుతో పూడ్చాలి. ఇది నెలవారీ సరుకులకు అప్పు చేసే ఇంటి పరిస్థితి. ఈ లోటును పూర్తిగా తొలగించాలని 2003లో పార్లమెంటు చట్టం చేసింది. 2018లో ఆ లక్ష్యాన్నే చట్టం నుండి తీసివేశారు.

దీని పర్యవసానం పేద ఇళ్ళ మీద పడుతుంది. చేతిలో సొమ్ము తగ్గినప్పుడు వడ్డీని ఆపలేరు, జీతాలనూ పింఛన్లనూ ఆపడం కష్టం. కోతకు అనువుగా మిగిలేవి విద్యార్థి స్కాలర్‌షిప్పు, ఆస్పత్రి మందులు, భర్తీ కాని ఉపాధ్యాయ పోస్టులు. ఫీజు సొమ్ము రాక కళాశాలలో సర్టిఫికెట్లు ఆగిపోయిన అమ్మాయికి బడ్జెట్ అంటే అదే.

కనుక రెవెన్యూ వ్యయం పెరిగిందని విన్నప్పుడు వెంటనే మెచ్చుకోనూ వద్దు, నిందించనూ వద్దు. అందులో వడ్డీ ఎంత, మనుషుల మీద పెట్టినది ఎంత అని అడుగుదాము. కేటాయించినదెంత, నిజంగా విడుదలైనదెంత అని కూడా అడుగుదాము. ఇంటి ఖర్చు పుస్తకాన్ని శ్రద్ధగా రాసుకునే గృహిణికి ఈ ప్రశ్నలు కొత్తవి కావు.