బామ్మగారి టీవీలో గళ్లు!

ఎస్.ఆర్.నగర్‌లో మా వీధిలో ఇళ్లకంటే హాస్టళ్లే ఎక్కువేమో! అమీర్‌పేటలో కంప్యూటర్ కోర్సులకొచ్చే పిల్లలంతా ఇక్కడే ఉంటారు. ఆ సంగతికీ మూడో అంతస్తు బామ్మగారి టీవీకీ సంబంధం ఉందంటే నమ్ముతారా?

ఆవిడ రోజూ సాయంత్రం ఎస్వీబీసీలో తిరుమల సహస్రదీపాలంకరణ సేవ చూస్తారు. కొడుకు డిష్ తీసేయించి, స్నేహితుడు పంపిన ప్లేలిస్టుతో ఇంటర్నెట్ చానళ్లు పెట్టాడు. అప్పట్నుంచీ పగలు ఫర్వాలేదు... సాయంత్రమైతే స్వామి ముఖమంతా గళ్లే. 'టీవీ పాతదైపోయింది. 55 అంగుళాలది కొనేద్దాం' అన్నాడు కొడుకు.

పెద్దది కొంటే గళ్లూ పెద్దవవుతాయంతే! ప్లేలిస్టంటే చానళ్ల చిరునామాలు రాసిన చీటీ. బొమ్మ అందులో ఉండదు, ఆ చిరునామా నుంచి ఎంత నాణ్యతతో వస్తే అంతే. ఎస్డీ బొమ్మలో 720×576, అంటే సుమారు 4 లక్షల చుక్కలు. ఫుల్ హెచ్‌డీలో 20 లక్షల పైమాటే. 4కే తెరకైతే దాదాపు 83 లక్షలు కావాలి. గుప్పెడు పిండితో వాకిలంతా ముగ్గేసినట్టే మరి. పైగా, రెపరెపలాడే వందల దీపాలను కుదించి పంపడం కదలకుండా కూర్చుని వార్తలు చదివేవారిని పంపినంత తేలిక కాదు. డేటా చాలకపోతే ముందు చెదిరేది ఆ దీపాలే.

ఎవరు పెట్టారో తెలియని ఉచిత జాబితాల్లో చాలా చానళ్లకు అనుమతులుండవు. అది చట్టరీత్యా తప్పు కూడా. ఎస్వీబీసీ ప్రత్యక్ష ప్రసారం యూట్యూబ్‌లోనే ఉచితంగా దొరుకుతుంది. దూరదర్శన్ చానళ్లకైతే ప్రసారభారతి 2024 నవంబరులో తెచ్చిన 'వేవ్స్' యాప్ ఉంది. కొడుకు ప్లేలిస్టు తీసేశాడు. బొమ్మ సగం బాగుపడింది.

మిగతా సగం... హాస్టళ్లు! ఫోన్‌లో వైఫై పేర్లు చూస్తే ఇరవై పైచిలుకు. 2.4 గిగాహెర్ట్జ్‌లో ఒకదానికొకటి అడ్డురాని దారులు మూడే: 1, 6, 11. క్లాసులయ్యాక పిల్లలంతా గదులకు చేరి ఫోన్లు తెరిస్తే ఆ మూడు దారుల్లోనే అందరూ. నెట్ నెమ్మదించగానే, ప్రసారం ఆగిపోకుండా ప్లేయర్ తనంతట తానే తక్కువరకం బొమ్మకు దిగిపోతుంది. అవే బామ్మగారి గళ్లు.

రౌటర్‌లో 5 గిగాహెర్ట్జ్ ఉంటే టీవీని దానికి కలపాలి (ఫోన్‌లోని 5జీ వేరు, ఇది వేరు). కాకపోతే గోడలు దాటేసరికి నీరసపడుతుంది. వీళ్లింట్లో రౌటర్‌కీ టీవీకీ మధ్య రెండు గోడలు. అందుకే వైరే లాగించాం. ఫుల్ హెచ్‌డీకి 5 ఎంబీపీఎస్, 4కేకి 15 ఉంటే చాలంటుంది నెట్‌ఫ్లిక్స్. టీవీ వెనక లాన్ రంధ్రం 100 మోయగలదు!

చివరగా టీవీలో 'షార్ప్‌నెస్' బాగా తగ్గించి, 'వివిడ్' మార్చి 'సినిమా' పెట్టాం. రంగులు వెలిసిపోయాయని బామ్మగారు రెండ్రోజులు సణిగారు. ఇప్పుడు దీపాలు విడివిడిగా కనిపిస్తున్నాయట.

కొడుకు మాత్రం 55 అంగుళాల మాట మానలేదు. క్రికెట్ కోసమట!