ఉపాధ్యాయుని బాకీ

జీతము దానము కాదు. చేసిన పనికి చెల్లవలసిన ఋణము. ఈ చిన్నమాటను రూఢిపరచుకొనుటకై గురువులు న్యాయస్థానముల మెట్లెక్కవలసివచ్చుట శోచనీయము.

హైదరాబాదు పడమటనున్న కొత్తగూడ కూడలియొద్ద నిలిచి చూడుడు. నలుదెసల అద్దాల మేడలు. అందు పనిచేయువారికి జీతమొక్క దినము తప్పిన అలజడి పుట్టును. ఆ మేడల నీడనే అద్దెయింట కాపురముండి సర్కారుబడిలో పాఠము చెప్పు ఉపాధ్యాయుడు మాత్రము ఏండ్లతరబడి కాచుకొనవలెనట! ఇరువురు కొను బియ్యపు ధర యొక్కటే కదా?

తెలంగాణమున 2018 జూలై 1 నుండి రావలసిన వేతన సవరణము గతిని స్మరింతము. సంఘము నివేదిక 2020 డిసెంబరు కడపట చేరెను. 2021 మార్చిలో శాసనసభయందు నూటికి 30 వంతుల పెంపు ప్రకటింపబడెను. జూన్‌లో ఉత్తరువులు వెలువడెను. తొలి 21 నెలల లాభము కాగితముపై లెక్కగానే నిలిచెను. 2020 ఏప్రిల్ మొదలు 12 నెలల బకాయిని ఉద్యోగవిరమణనాడు చెల్లింతుమనిరి. విరమణవయస్సు ఆ యేటనే 61కి పెరిగినది. నాడు ముప్పదియొకటవ యేటనున్న ఉపాధ్యాయుడు తన సొమ్మునకై ముప్పదియేండ్లు వేచియుండవలెనన్నమాట! వడ్డీలేక అంతకాలము నిలిచిన బాకీ చేతికందునాటికి దాని విలువలో మిగులునదెంత?

కరోనా కాలమున ఖజానా క్షీణించిన మాట నిజము. ఎంత పెంచవలెనను నిర్ణయమును ప్రభుత్వపు విచక్షణకు చెందినదే. కాని తానే ఒప్పుకొన్న బాకీని తీర్చుట విచక్షణ కాదు, విధి. 2020లో ఆంధ్రప్రదేశ ప్రభుత్వము జీతములలో కొంతభాగము నిలిపివేయగా, ఒక విశ్రాంత జిల్లా న్యాయమూర్తి వ్యాజ్యమున హైకోర్టు నూటికి 12 వంతున వడ్డీ విధించెను. 2021 ఫిబ్రవరి 8న సుప్రీంకోర్టు దానిని 6కు తగ్గించినను, జీతము సేవకుని హక్కని స్థిరపరచెను.

ఇంకొక చిక్కు కలదు. జీతమందలి లోపము నెలనెల కొనసాగు అన్యాయమే యైనను, ఆలసించి వచ్చినవానికి సామాన్యముగా దావాకు ముందరి మూడేండ్ల బకాయియే దక్కునని 2008లో సుప్రీంకోర్టు నిర్ణయించెను. అనగా గురువు ఆలసించిన అతని సొమ్ము తరుగును. దొరతనము ఆలసించిన దాని సొమ్ము మిగులును. ఇది యేటి న్యాయము?

కావున ఉపాధ్యాయులకు మా మనవి: బాకీపడిన నాడే అర్జీ వ్రాసి రసీదు పుచ్చుకొనుడు; ఆశలతో కాలము వెళ్లబుచ్చకుడు. ఆలస్యము అమృతమునే విషము చేయును. ప్రభుత్వమునకు మా హెచ్చరిక: సవరణపు ఉత్తరువులోనే బకాయి చెల్లింపు తేదీని, తప్పిన వడ్డీని చేర్చుడు. బిడ్డలకు మాట నిలుపుకొనుమని బోధించువానియెడలనే మాట తప్పు రాజ్యము ఆ బిడ్డలకు నేర్పు పాఠమేమి?