చిన్న వేషాల పెద్ద నటుడు

‘కాసాబ్లాంకా’ (1942) చూసినవాళ్లకు ఆ జేబుదొంగ గుర్తుండే ఉంటాడు. ఊరినిండా దొంగలే, జాగ్రత్తండీ అని ఒక పెద్దమనిషిని హెచ్చరిస్తూనే ఆయన పర్సు కాజేస్తాడు. అంత చిన్న వేషంలో ఎంత లాఘవం! ఆ నటుడు కుర్ట్ బోయిస్.

1901లో బెర్లిన్‌లో పుట్టి, 1907లోనే కెమెరా ముందుకొచ్చాడు. యూదుడు కావడంతో హిట్లర్ రాకతో దేశం విడిచాడు. హాలీవుడ్‌లో దక్కినవి ఎక్కువగా చిన్న పాత్రలే. 1950లో సొంతూరు చేరుకున్నాడు.

1987లో విమ్ వెండర్స్ తీసిన ‘వింగ్స్ ఆఫ్ డిజైర్’లో, బెర్లిన్ గోడ పక్కన బీడునేలలో తనకు తెలిసిన పాత కూడలి కోసం వెతుక్కునే ముసలాయన ఆయనే. ఆ తడబడే నడకలో నటన ఎంతో, అనుభవం ఎంతో విడదీయలేం.

ఈ సంచిక ఇలాంటి సహాయ నటులది. చదివి, మీకు నచ్చినవారి గురించి మాకు రాయండి.