కొలవాల్సింది బట్టల్ని కాదు

‘ఆధునిక స్త్రీ’ అనగానే మన సంస్కృతీ రక్షకుల చూపు ముందు ఆమె బట్టల మీదికే పోతుంది. జీన్స్ వేసుకోవడం వల్లే సంసారాలు కూలిపోతున్నాయని వాళ్ళ బాధ. మార్కెట్‌కీ ఆ బట్టలే కావాలి. స్కూటీ ఎక్కి నవ్వితే చాలు, విముక్తి వచ్చేసిందని చాటుతుంది. తిట్టేవాళ్ళూ, పొగిడేవాళ్ళూ కొలిచేది స్త్రీ శరీరాన్నే. ఆమెకి రోజెలా గడుస్తోందని ఎవరూ అడగరు.

అడగాల్సింది అదే. జాతీయ గణాంక కార్యాలయం 2019లో జరిపిన సమయ వినియోగ సర్వే ప్రకారం, జీతం లేని ఇంటిపని చేసే స్త్రీలు దానికి రోజుకు సగటున 299 నిమిషాలు వెచ్చించారు. ఆ పనిలో చెయ్యి పెట్టిన పురుషులు 97 నిమిషాలు. 2024 సర్వే నాటికి స్త్రీల లెక్క 289కి తగ్గింది. ఆ పది నిమిషాలూ మగవాళ్ళు అందుకున్నారా అంటే, వాళ్ళ లెక్కా 88కి దిగింది! చదువులు, ఉద్యోగాలు, సెల్‌ఫోన్లు అన్నీ వచ్చాయి. అంట్లు మాత్రం చేతులు మారలేదు.

రోడ్డు ప్రమాదంలో చనిపోయిన దంపతుల కేసులో, గృహిణి శ్రమకి విలువ కట్టాల్సిందేనని 2021లో సుప్రీంకోర్టు చెప్పింది. మంచి తీర్పే. కానీ ఆమె పనికి లెక్క తేలడానికి ఆమె చనిపోవాలా? బతికుండగా అది ‘ప్రేమ’, పోయాక ‘నష్టపరిహారం’!

“పనిమనిషి ఉందిగా” అంటారు. ఉంది. మన అంట్లు తోమి, తన గుడిసెలో అంట్లు తోముకోవడానికి వెళ్ళే మరో స్త్రీ. చాలాచోట్ల దళిత, బహుజన స్త్రీ. మగవాడు తీసుకోని భాగాన్ని ఆమె భుజాల మీదికి నెట్టి మనం మిగుల్చుకున్న గంటకి స్వేచ్ఛ అని పేరు పెట్టుకుందామా? వారానికో సెలవు, న్యాయమైన జీతం ఆమెకి దక్కకుండా మన ఆధునికత ఎవరి ఆధునికత?

విమల ‘వంటిల్లు’ కవిత వచ్చి మూడు దశాబ్దాలు దాటింది. దాన్ని పాఠంగా చెప్పాం, పత్రాలు సమర్పించాం. ఆ పత్రాలు రాసే ముందు కూర తరిగిందెవరు? ఈ ప్రశ్న సెమినార్ హాల్లో ఆగిపోకూడదు. సాహిత్య సభల్లో స్త్రీవాదాన్ని మెచ్చుకునే మిత్రుల్ని వాళ్ళ ఇళ్ళలోనే నిలబెట్టి అడగాలి. సాయం చేస్తామంటే ఒప్పుకోవద్దు. సాయం పరాయివాళ్ళు చేసేది. ఇల్లు వాళ్ళది కూడా అయినప్పుడు, కావాల్సింది సగం పని.