అజిత్ అంటే జోకు కాదు

హైదరాబాద్ పాతబస్తీలోని యాకుత్‌పురా చాయ్ హోటళ్లలో పాత హిందీ సినిమాల ప్రస్తావన వస్తే చాలు, ఒక మాట ఖాయంగా వినిపిస్తుంది: "అజిత్‌కు నటన ఎక్కడ వచ్చు? తెల్ల సూటు, 'మోనా డార్లింగ్' తప్ప ఆయన దగ్గర ఏముంది? జనం అల్లిన జోకులే ఆయన్ని బతికించాయి." ఈ మాట పాతబస్తీలోనే పుట్టి, పాతబస్తీలోనే చెల్లుబాటు కావడం అన్యాయం. అజిత్ అసలు పేరు హామిద్ అలీ ఖాన్, 1922లో గోల్కొండలో పుట్టిన మన ఊరి మనిషి.

ఆయన విలన్‌గానే పుట్టాడన్నట్టు మాట్లాడేవారు ఇరవై ఏళ్ల జీవితాన్ని కొట్టిపారేస్తున్నారు. 1940లలో బొంబాయి చేరిన ఈ హైదరాబాదీకి 'అజిత్' అనే పేరు దర్శకుడు కె. అమర్‌నాథ్ సూచనతో వచ్చింది. 1950లో 'బేకసూర్'లో మధుబాల సరసన కథానాయకుడు. 1954లో 'నాస్తిక్'లోనూ ఆయనే కథానాయకుడు. 1957లో 'నయా దౌర్'లో ప్రేమ విషయంలో ప్రాణమిత్రుడికే ఎదురు తిరిగే కృష్ణ పాత్ర. దిలీప్ కుమార్ ఎదుట ఆ పాత్రను నిలబెట్టడం నటన రానివాడి వల్ల అవుతుందా? 1960లో 'మొఘల్-ఎ-ఆజమ్'లో మాట కోసం ప్రాణమిచ్చే దుర్జన్ సింగ్‌ను చూసినవారు ఈ వాదం చేయలేరు.

విలన్ వేషం ఆయనకు 1966లో వచ్చింది. 'సూరజ్' అనే కత్తియుద్ధాల జానపద చిత్రంలో. దర్శకుడు మన తెలుగువాడే, తాతినేని ప్రకాశరావు. అప్పటికి అజిత్ వయసు నలభై నాలుగు. నాయక పాత్రలు తగ్గిపోయే వయసులో మరో రకం పాత్రల్లో మళ్లీ నిలదొక్కుకోవడం అదృష్టం కాదు, పనితనం.

ఇక అసలు ఆరోపణ. 'జంజీర్' అమితాబ్ సినిమా అంటారు, ఒప్పుకుంటాను. కానీ సలీం-జావేద్ రాసిన ఆ కథ మొదలయ్యేది అజిత్ వేసిన విలన్ తేజా చేతి గొలుసుతో. దానికి వేలాడే తెల్ల గుర్రం బొమ్మే చిన్నప్పుడు దాన్ని చూసిన హీరోను పెద్దయ్యాక కూడా పీడకలై వెంటాడుతుంది. ఆ భయానికి తగిన మనిషి తెర మీద లేకపోతే హీరో కోపానికి విలువేముంది? అజిత్ అరవలేదు, కళ్లెర్రజేయలేదు. నెమ్మదిగా, మర్యాదగా, ఒక్కో మాటా తూచి పలికాడు. నేరస్తుడు పెద్దమనిషిలా కనిపిస్తే ఎంత ప్రమాదమో అలా చూపించాడు. 'జంజీర్' వచ్చిన 1973లోనే 'యాదోం కీ బారాత్'లో షాకాల్, 1976లో సుభాష్ ఘాయ్ తొలి చిత్రం 'కాళీచరణ్'లో 'లయన్'. ఆ చిత్రాలు ఆడిన తర్వాతే జోకులు పుట్టాయి. జనం ఆయనకు అంటగట్టిన 'లిక్విడ్ ఆక్సిజన్' జోకులోని మాట ఆయన ఏ సినిమాలోనూ పలకలేదు. అనుకరించేవారికి దొరికింది గొంతు ఒక్కటే. ఆ గొంతు వెనకున్న నిగ్రహం వాళ్లకు దొరకలేదు.

అజిత్ 1998 అక్టోబర్ 22న హైదరాబాద్‌లోనే కన్నుమూశారు. ఆయన మీద తీర్పు చెప్పాలనుకునేవారికి నా విన్నపం ఒక్కటే. ముందు 'నయా దౌర్' చూడండి, తర్వాత 'మొఘల్-ఎ-ఆజమ్', ఆ తర్వాత 'జంజీర్'. మూడూ చూశాక కూడా ఆయనకు నటన రాదనిపిస్తే, అప్పుడు కారణాలతో చెప్పండి. అంతవరకూ మన ఊరి కళాకారుణ్ని జోకుతో కొలవడం మానండి.