ఆట కిటుకులా, జేబుదొంగతనమా?

గత నెలలో రక్తపోటు పరీక్ష చేయించుకోవడానికి వచ్చిన నా చిన్ననాటి మిత్రుడొకడు తన మనుమని గురించి ఎంతో గర్వంగా చెప్పుకొచ్చాడు. మిత్రుడు పర్చూరు ప్రాంతపు రైతు. ప్రత్తి, మిర్చి తప్ప వేరే పంట ఎరుగడు. మనుమడు గుంటూరులో ఇంటర్మీడియట్ రెండవ సంవత్సరం చదువుతున్నాడు. “మావాడు ఫోనులో ఆడుకుంటూనే నెలకు మూడు నాలుగు వేలు తెచ్చుకుంటున్నాడురా డాక్టరూ. మనం ఎండలో మాడిపోయాం, వాడు మంచం దిగకుండా సంపాదిస్తున్నాడు” అన్నాడు.

వెంట వచ్చిన ఆ పిల్లవాణ్ణి పక్కన కూర్చోబెట్టుకొని, ఎలా సంపాదిస్తున్నావో చెప్పమన్నాను. ఏమీ దాచకుండా చెప్పాడు. దాచవలసినదేదో అందులో ఉన్నదన్న సంగతే అతనికి తోచలేదు. నన్ను కలవరపెట్టింది అదే.

అతడు ఆడేది ఫ్రీ ఫైర్ మాక్స్. ఆ ఆటలో దుస్తులు, తుపాకుల అలంకారాలు కొనడానికి ‘డైమండ్లు’ కావాలి, డైమండ్లకు అసలైన రూపాయలు కావాలి. నెలల తరబడి ఆడి, తల్లిదండ్రుల డబ్బు పోసి పెంచుకున్న ఐడీకి బయట గిరాకీ ఉంటుంది. ఈ కుర్రవాడు తనకంటే చిన్నపిల్లలతో ఆటలో స్నేహం కలుపుతాడు. ఉచితంగా డైమండ్లు ఇప్పిస్తానని ఆశ పెట్టి, వారి ఐడీ రహస్యాలు రాబట్టి, వారిని బయటకు నెట్టి, ఆ ఐడీని వేరొకరికి అమ్ముతాడు. ఇదీ మంచం దిగని సంపాదన.

“ఇది దొంగతనం కదా నాయనా” అన్నాను.

“గేమ్‌లో అందరూ అలాగే చేస్తారు తాతయ్యా. మోసపోవడం వాడి తప్పు.”

“సరే, ఉన్నవైనా తిరిగి ఇచ్చెయ్.”

“ఎవరికిమ్మంటారు? వాడెవడో నాకు తెలియదు కదా!”

పాఠకులారా, ఆ చివరి మాట దగ్గర నేను ఆగిపోయాను. ఎదుటివాడి పేరు తెలియదు, ముఖం తెలియదు, వాడు ఏడ్చినా వినబడదు. ఇదే ఎదురింటి పిల్లవాడి సైకిలైతే ఇతడు ముట్టుకునేవాడు కాడని నేను ప్రమాణం చేయగలను.

నేరాలు చేసే ఆటలు పిల్లలను నేరస్థులుగా మారుస్తాయన్న వాదన నేను చేయబోవడం లేదు. 2008లో ఫేస్‌బుక్‌లో మాఫియా వార్స్ వచ్చినపుడు, 2013లో గ్రాండ్ థెఫ్ట్ ఆటో ఆన్‌లైన్ వచ్చినపుడు ఆ భయం చాలామంది వెలిబుచ్చారు. తెరమీద ఇతర ఆటగాళ్ల సరుకు దోచి ఉత్తుత్తి డబ్బు కూడబెట్టిన కోట్లాది పిల్లలు పెరిగి పెద్దవారై ఉద్యోగాలు చేసుకుంటున్నారు. నా ఆక్షేపణ ఆ ఉత్తుత్తి దొంగతనంపై కాదు. ఉత్తుత్తి డబ్బు స్థానంలో అసలు డబ్బు వచ్చి చేరిన తరువాత కూడా, దానిని ‘కిటుకు’, ‘ట్రిక్కు’, ‘తెలివి’ అని పిలుస్తూ మనం చప్పట్లు కొట్టడంపైనే.

మన ప్రాంతపు నీతి ఎంత ఖచ్చితమైనదో ఒక్కసారి తలచుకోండి. ప్రత్తి బోరేలపై నీళ్లు చల్లి తూకం పెంచినవాడిని ఊరు మరచిపోదు. టిక్కీ అడుగున తాలుకాయలు కూరి, పైన మంచి తేజ కాయలు పరచినవాడికి మిర్చి యార్డులో రెండవసారి మాట చెల్లదు. కాటాలో రెండు కిలోలు నొక్కిన వ్యాపారిని నలుగురిలో నిలదీసిన రైతులను నేనెరుగుదును. ఆ రైతు ఇంటి పిల్లవాడే ఫోనులో అదే పని చేస్తే, తాతగారు నా దగ్గరకు వచ్చి గర్వంగా చెబుతారు!

ఇప్పుడు పెద్దల ఆట సంగతికి వస్తాను. పిల్లవాడు ఐడీలు అమ్మే చోటికి, వాడి బాబాయి రమ్మీ ఆడే చోటికి దూరం ఎక్కువ లేదు.

రెండు పేకలతో ఆడే పదమూడు ముక్కల రమ్మీ మన పల్లెలకు కొత్తది కాదు. రచ్చబండ దగ్గర ఆడితే ఎదుటివాడి కళ్లు కనబడతాయి. ఇద్దరు సైగలు చేసుకుంటే మూడవవాడు పసిగడతాడు, ముక్కలు విసిరేసి లేచిపోతాడు. ఫోనులో ఆరుగురు కూర్చునే బల్ల దగ్గర మీకు కనిపించేవి ఆరు పేర్లు మాత్రమే. వారిలో ముగ్గురు ఒకే గదిలో ఒకే మంచంపై కూర్చొని, ఒకరి ముక్కలు మరొకరికి చూపుకుంటూ ఆడుతుంటే మీకెలా తెలుస్తుంది? మీకు తెలిసినవి మీ పదమూడు ముక్కలు, వారికి తెలిసినవి ముప్పై తొమ్మిది. మీరు ఎదురుచూసే ముక్క ఇక రాదని వారికి ముందే తెలుసు, మీరు మాత్రం ‘ఇంకొక్క ముక్క’ అనుకుంటూ కూర్చుంటారు. ఒక్కడే భార్య పేరున, తమ్ముడి పేరున రెండు మూడు ఖాతాలు తెరిచి ఆడటం ఇంకొక పద్ధతి. కొత్తవాడిని చిన్న బల్ల మీద నాలుగుసార్లు గెలిపించి, పెద్ద బల్లకు పిలవడం మరొకటి. ఇవన్నీ తెలుగులోనే వీడియోలుగా చేసి ‘ప్రో టిప్స్’ అని నేర్పేవారున్నారు. వారికి వేల సంఖ్యలో అభిమానులు!

కంపెనీలు ఇటువంటి మోసాన్ని పట్టుకోవడానికి యంత్రాలు పెట్టామంటాయి. పెట్టవచ్చు. కాని లెక్క చూడండి. ఆరుగురు తలా వంద రూపాయలు పెట్టారనుకోండి, కంపెనీ కమీషను నూటికి పది అనుకోండి. ఒక్కొక్క ఆటకు అరవై రూపాయలు బల్ల మీదనుంచి మాయమవుతాయి. పది ఆటలు ముగిసేసరికి, మొదట ఆరుగురూ కలిసి పెట్టిన ఆరు వందలంత సొమ్ము కంపెనీకి చేరిపోతుంది. ఎవరు గెలిచినా, న్యాయంగా గెలిచినా, మోసంతో గెలిచినా, దాని వాటా దానికి చేరుతుంది. బల్లపై అసలు దొంగ ఎవరన్న ప్రశ్నకు ముక్కలు దాచినవాడు ఒక్కడే జవాబు కాడు.

‘ఇది నేర్పుతో ఆడే ఆట అని సుప్రీంకోర్టే చెప్పింది’ అని వాదించేవారు ఆ తీర్పును చివరిదాకా చదివినట్లు లేదు. అది మన రాష్ట్రపు కేసే. సికింద్రాబాదులోని ఒక క్లబ్బుపై పోలీసులు దాడి చేయగా, ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వానికీ కె. సత్యనారాయణకూ మధ్య నడిచిన వ్యాజ్యం. తీర్పు 1967 నవంబరులో వచ్చింది. పడిన ముక్కలను గుర్తుంచుకోవడంలో, ముక్కలు పట్టుకోవడంలో, విడవడంలో నేర్పు కావాలి గనుక రమ్మీ ప్రధానంగా నేర్పుతో కూడిన ఆట అని న్యాయస్థానం అన్నమాట నిజమే. ఆ వెంటనే, ఆట నిర్వహించే ఇంటి యజమాని గాని క్లబ్బు గాని పందెపు ఆట నుండి లాభం గుంజుకుంటే నేరం కావచ్చునని కూడా అన్నది. మొదటి వాక్యాన్ని ప్రకటనలలో వేసుకున్నారు, రెండవదాన్ని మింగివేశారు. అదీకాక, మూడు చేతులు ఒక్కటై నాలుగవ జేబును కోసే చోట ‘నేర్పు’ అన్న మాటకు అర్థమేమిటి? జేబుదొంగకూ నేర్పు ఉంటుంది.

చట్టాలు రాలేదా అంటే వచ్చాయి. తెలంగాణ 2017లో నిషేధించింది. మన రాష్ట్రం 2020 సెప్టెంబరులో ఆర్డినెన్సు తెచ్చి 1974 నాటి జూద చట్టాన్ని సవరించింది. ఆ అక్టోబరులో 132 వెబ్‌సైట్లను, యాప్‌లను అడ్డుకోవలసిందిగా కేంద్రాన్ని కోరింది. జనం ఏం చేశారు? తామున్న చోటును వేరే రాష్ట్రంగా చూపించే యాప్ వేసుకొని యథావిధిగా ఆడారు. చివరకు 2025 ఆగస్టులో పార్లమెంటు, నేర్పు ఆటా అదృష్టపు ఆటా అన్న తేడా లేకుండా డబ్బు పెట్టి ఆడే ఆన్‌లైన్ ఆటలన్నిటినీ నిషేధిస్తూ చట్టం చేసింది. నడిపేవారికి మూడేళ్ల వరకు జైలు, కోటి రూపాయల వరకు జరిమానా. ఆడినవాడికి శిక్ష లేదు, అతడిని బాధితుడిగానే చూశారు. ఈ ఒక్క విషయంలో శాసనకర్తలు మన ఊరి పెద్దలకంటే వైద్యులకు దగ్గరగా ఉన్నారని నా అభిప్రాయం.

మోసపు పందెం మన నేలకు కొత్త కాదు. పల్నాటి వీరగాథను ఆలపించేవారు, నాగమ్మ కపటంతో కోడిపందెం గెలిచిందనీ, ఓడిన మాచర్లవారు ఏడేళ్లు దేశం విడిచి పోయారనీ చెబుతారు. అది కారంపూడి యుద్ధం దాకా పోయింది. కథలో నిజమెంతో చరిత్రకారులు తేల్చుకోవాలి. నేను గమనించేది ఒక్కటే. ఆ కథ విని నాగమ్మ కిటుకును మెచ్చుకున్నవాడు నాకింతవరకు తారసపడలేదు.

ఇక ఓడినవాడి సంగతి. ఇది నా వృత్తికి చెందినది గనుక కొంచెం నిదానంగా చెబుతాను.

పదవీ విరమణ తరువాత మా ఇంటి వరండాలోనే ఉదయం పూట రోగులను చూస్తున్నాను. రెండేళ్ల క్రితం ముప్పై ఏళ్లు దాటిన యువకుడొకడు నిద్రమాత్రల కోసం వచ్చాడు. విత్తనాలు, పురుగుమందుల దుకాణంలో గుమాస్తా. మూడు నెలల్లో ఎనిమిది కిలోలు తగ్గాడు. రక్తపోటు ఎక్కువగా ఉంది, కడుపు మంట, చేతులలో వణుకు. థైరాయిడ్, చక్కెర పరీక్షలు చేయించాను. రెండూ సక్రమంగా ఉన్నాయి. చివరకు భార్య నోరు విప్పింది. మొదటి వారంలో రమ్మీలో పద్దెనిమిది వందలు గెలిచాడట. తరువాత ఫోనులో పరిచయమైన ‘స్నేహితులు’ పెద్ద బల్లకు పిలిచారు. ఆమె నగలు, రుణ యాప్‌ల అప్పులు కలిపి ఆరు లక్షలు పోయాయి. ఆ స్నేహితులు ముగ్గురూ ఒకే గదివారని, వారిలో వారికి తగవు వచ్చి ఒకడు బయటపెట్టేదాకా అతనికి తెలియదు. అంతవరకు తనకు ఆట సరిగా రాదనే అనుకున్నాడు. రాత్రంతా సాధన చేశాడు!

చనిపోవాలన్న ఆలోచన వస్తున్నదా అని నేరుగా అడిగాను. తల వంచుకున్నాడు. అడిగితే లేని ఆలోచన కలుగుతుందని చాలామంది భయపడతారు. అది అపోహ. అడగడం వల్ల రోగికి ఊపిరి ఆడుతుంది. 1987-88లో ప్రత్తిని శనగపచ్చ పురుగు ఊడ్చిపెట్టినపుడు ఈ రెండు జిల్లాలలో రైతులు ప్రాణాలు తీసుకున్నారు. అప్పుడు నేను ప్రభుత్వ ఆసుపత్రిలో రాత్రి విధులలో ఉన్నాను. బ్రతికి బయటపడినవారిలో ఎక్కువమంది, ‘ఆ రోజు ఎవరైనా ఒక్కమాట అడిగి ఉంటే’ అన్నారు. అది నాకు పుస్తకం నేర్పిన పాఠం కాదు. ఆ గుమాస్తాను అదే రోజు మానసిక వైద్యుని వద్దకు పంపాను, దుకాణం పని మాన్పించాము. ఇప్పుడు అప్పు తీరుస్తూ, చికిత్స తీసుకుంటూ, కూతురిని బడికి పంపుతున్నాడు.

‘ఓడిపోతుంటే లేచిపోవచ్చు కదా, ఎవరు కట్టేశారు’ అంటారు. కట్టేసేది మెదడే. గెలుపు ఎప్పుడు వస్తుందో తెలియని చోటే మెదడులోని డోపమిన్ వ్యవస్థ ఎక్కువగా ఉద్రేకపడుతుంది, ‘ఒక్క ముక్కలో తప్పిపోయింది’ అన్న ఓటమి కూడా గెలుపులాగే మళ్లీ ఆడమని పురిగొల్పుతుంది. నమ్మకం కుదరకపోతే దీన్ని గమనించండి. పార్కిన్సన్ వ్యాధికి ఇచ్చే ప్రామిపెక్సోల్, రోపినిరోల్ అనే మందులు డోపమిన్‌లాగా పనిచేస్తాయి. జీవితమంతా పేక ముట్టని పెద్దమనుషులు కొందరు ఆ మందు మొదలుపెట్టాక జూదరులయ్యారు, మందు తగ్గించగానే చాలామంది మామూలు మనుషులయ్యారు. శీలం మాత్రతో పోయి, మాత్ర మానితే తిరిగి వస్తుందా? ప్రపంచ ఆరోగ్య సంస్థ 2022 జనవరి నుండి అమలులోనున్న ఐసీడీ-11 పట్టికలో జూద వ్యసనాన్ని వ్యాధిగా పేర్కొని, ఆన్‌లైన్‌లో ఆడేదానిని ప్రత్యేకంగా గుర్తించింది. పోయింది రాబట్టుకోవాలని మళ్లీ కూర్చోవడం దీని ముఖ్య లక్షణం. సర్వస్వమూ పోయి, తిరిగి దక్కించుకొని కూడా, ధర్మరాజు రెండవసారి పాచికల పిలుపుకు వెళ్లలేదా?

కనుక ముక్కలు కలుపుకొని ఎదుటివాడిని ఓడించే వీరుడు తెలివితక్కువవాడిని ఓడించడం లేదు, తరచుగా ఒక రోగిని దోస్తున్నాడు. ఆసుపత్రి మంచంపై స్పృహ లేనివాడి చేతి ఉంగరం తీసేవాడికీ వీడికీ భేదం నాకు కనిపించదు. ఈ మాట కఠినంగా ఉంటే ఉండనివ్వండి.

మీ ఇంట్లో ఎవరైనా రాత్రిళ్లు ఫోనుతో ఒంటరిగా ఉంటూ, డబ్బు గురించి అబద్ధాలు చెబుతూ, ఫోను లాక్కుంటే మండిపడుతూ ఉంటే తిట్టకండి, కొట్టకండి, అప్పు మొత్తాన్ని ఒకేసారి తీర్చి చేతులు దులుపుకోకండి. బ్యాంకు ఖాతా, యూపీఐ కొంతకాలం మీ అజమాయిషీలో పెట్టండి. ఇంట్లో పురుగుమందు డబ్బా ఉంటే ఈ రోజే తీసి, తాళం వేసి, తాళంచెవి వేరొకరికివ్వండి. 14416కు ఫోను చేస్తే టెలీ మానస్ సలహాదారులు తెలుగులోనే మాట్లాడతారు, రుసుము లేదు. గుంటూరు, ఒంగోలు ప్రభుత్వ సర్వజన ఆసుపత్రులలో మానసిక వైద్య విభాగాలున్నాయి. ఐడీ గాని డబ్బు గాని మోసంతో పోతే వెంటనే 1930కి చెప్పండి. ఎంత త్వరగా చెబితే డబ్బు ఆగే అవకాశం అంత ఎక్కువ.

ఇంట్లో ఉన్నది మోసపోయినవాడు కాక మోసగించేవాడైతే, వాడికి ఒక సంగతి తెలియజేయండి. ఇతరుల పాస్‌వర్డును కపటంతో వాడుకోవడం సమాచార సాంకేతిక చట్టంలోని 66సి విభాగం క్రింద మూడేళ్ల వరకు జైలుశిక్ష పడే నేరం. ‘గేమ్‌లో అందరూ చేస్తారు’ అన్న మినహాయింపు అందులో లేదు.

ఇదంతా నేను ఆ రోజు ఆ తాతామనుమలిద్దరికీ చెప్పాను. పిల్లవాడు తల వంచుకొని విన్నాడు. నా మిత్రునికి మాత్రం కోపం వచ్చింది, నేను వాడిని దొంగ అన్నానని. ఆ తరువాత రాలేదు. నేను వ్రాసిచ్చిన రక్తపోటు మాత్రలు ఈపాటికి అయిపోయి ఉంటాయి. ఈ పేజీ చదివే అలవాటు వాడికుంది. ఒరేయ్, మాత్రలు ఆపకు, ఆదివారం ఉదయం రా, పిల్లవాణ్ణి కూడా తీసుకురా.