దాచుకొనేది లేనివానికి భయమెందుకు?

"తప్పు చేయనివానికి భయమెందుకు? దాచుకొనేది లేనివాడు కెమెరాను చూసి జంకడమెందుకు?" వీధివీధినా నిఘాను సమర్థించేవారు నేడు వేస్తున్న ప్రశ్న ఇది. విద్యావంతులు సైతం దీనికి తల లూపుతున్నారు. ఈ వాదంలోని డొల్లతనాన్ని బయటపెట్టడం అవసరమని నేను భావిస్తున్నాను.

ఉత్తరప్రదేశ్‌లో ఖరక్ సింగ్ అనే వ్యక్తిని దోపిడీ కేసులో పట్టుకొని, సాక్ష్యం లేక వదలివేశారు. అయినా పోలీసులు అతని పేర హిస్టరీ షీటు తెరిచారు. రాత్రివేళ తలుపు తట్టి లేపేవారు. 1962లో సుప్రీంకోర్టు ఆ రాత్రి తనిఖీలను కొట్టివేసిందే గాని, గోప్యత ప్రాథమిక హక్కు కాదన్నది. తెలుగువారైన న్యాయమూర్తి కోకా సుబ్బారావు మాత్రం, అది వ్యక్తి స్వేచ్ఛలో విడదీయరాని భాగమని భిన్నతీర్పు వ్రాశారు. 2017 ఆగస్టు 24న తొమ్మండుగురు న్యాయమూర్తులు గోప్యత ప్రాథమిక హక్కేనని ఏకగ్రీవంగా ప్రకటించి, ఆ భిన్నతీర్పునకే విలువ నిచ్చారు. సాక్ష్యం లేదని తేలిన మనిషినే నిఘా వదలలేదు గదా! నిర్దోషికి భయం లేదనడం ఎట్లా?

నిఘా అందరినీ సమంగా చూడదు. 2023 జనవరి 1 నుంచి ఉపాధి హామీ కూలీలకు రోజుకు రెండుసార్లు ఫోటో హాజరును తప్పనిసరి చేశారు. సిగ్నలు అందక ఫోటో ఎక్కనిచోట చేసిన పనికి కూలి పోయింది. ఆ కూలిని నెలల తరబడి ఆపివుంచిన అధికారులను ఏ ఫోటో పట్టుకొన్నది?

పైగా, ప్రజలను దాచవద్దనే ప్రభుత్వం తాను మాత్రం దాచుకొంటున్నది. 2023 నాటి డిజిటల్ వ్యక్తిగత సమాచార రక్షణ చట్టం, కేంద్రం కోరుకొన్న ప్రభుత్వ సంస్థలకు మినహాయింపు నిచ్చే వీలు కల్పించింది. అదే చట్టం 2005 సమాచార హక్కు చట్టాన్ని సవరించి, వ్యక్తిగత సమాచారమన్న పేర జవాబు నిరాకరించే అవకాశాన్ని పెంచింది.

నేను పాఠం చెప్పే గదిలోనూ కెమెరా వున్నది. అది వచ్చాక, పద్యానికి నేను చెప్పిన అర్థాన్ని వ్రాసుకొనే విద్యార్థులు తగ్గలేదు. ఆ అర్థాన్ని కాదనేవారు తగ్గారు. వారు చేసిన నేరమేమీ లేదు. ఎవరో చూస్తున్నారన్న ఎరుక ముందు మాటను మింగిస్తుంది, పిదప ఆలోచననే మాన్పిస్తుంది. సాహిత్యానికి ఇంతకన్న ప్రమాదమేమున్నది?

దొంగలను పట్టవద్దని మేము అనడం లేదు. ఏ చట్టం ప్రకారం, ఎవరిని, ఎన్నాళ్లు చూస్తారో, ఆ చిత్రాలు ఎవరి చేతికి పోతాయో చెప్పమంటున్నాము. జవాబు చెప్పవలసిన బాధ్యత చూసేవారిది. ఆ జవాబును అడగడం రచయితల విధి.